భూమి రాసి ఇచ్చే తలిదండ్రులకు చట్టం ఇచ్చే అండ



సార్వా నారుమళ్ళ గురించి, దాళ్వా నీటి వంతుల గురించి, కొబ్బరికి పట్టే ఎర్రముక్కు పురుగు గురించి మనం తరచు చెప్పుకుంటూ ఉంటాము. ఇవాళ చెప్పుకోబోయేది పైరుకు పట్టే తెగులు కాదు; ఇంటికి పట్టే తెగులు. వయసు మళ్ళిన తలిదండ్రులను ఆస్తి కోసం కన్నబిడ్డలే బెదిరించడం, రాయించుకోవడం, రాయించుకున్న తరువాత అన్నం పెట్టకపోవడం – ఇదీ ఆ తెగులు. దీనికి మందు ఉన్నది. అయితే తెగులు రాకముందు చేసుకోవలసిన విత్తనశుద్ధి వేరు, వచ్చిన తరువాత చల్లవలసిన మందు వేరు. రెండూ చెప్పుకుందాం.

ఇది వ్యవసాయదారులకు చెప్పవలసిన సంగతేనా అని ఎవరైనా అడగవచ్చు. ముమ్మాటికీ చెప్పవలసిన సంగతే. తలిదండ్రులు, వృద్ధుల పోషణ, సంక్షేమాల కోసం 2007లో మన పార్లమెంటు ఒక చట్టం చేసింది. అందులోని 21వ సెక్షను ఏమంటున్నదంటే – ఈ చట్టంలోని విషయాలను రేడియో, టెలివిజను, పత్రికల ద్వారా ప్రజలకు ఎప్పటికప్పుడు తెలియజేయడం ప్రభుత్వం బాధ్యత అని. చట్టం ఉన్నదని తెలియకపోతే అది బీరువాలో దాచిన విత్తనం వంటిది, మొలవదు.

డెల్టాలో ఈ తగాదా ఎందుకు ఎక్కువ

1847లో మొదలుపెట్టి 1852 నాటికి ధవళేశ్వరం దగ్గర ఆనకట్ట కట్టిన తరువాత, గోదావరి డెల్టాలో భూమి విలువే మారిపోయింది. కాలువ కింద రెండు పంటలు, కోనసీమలో కొబ్బరి తోటలు, ఆ తరువాత చేపల చెరువులు, రొయ్యల చెరువులు వచ్చాయి. మగతాకు ఇచ్చినా, చెరువుకు లీజుకు ఇచ్చినా ఏటా చేతికి డబ్బు అందే భూమి ఇది. రోడ్డు పక్కన ఉంటే సెంట్ల లెక్కన అమ్ముడుపోతుంది. భూమి ధర పెరిగినకొద్దీ, దాని మీద పెట్టుకున్న కళ్ళు కూడా పెరుగుతాయి.

మరొకటి. మన ఇళ్ళలో పెద్దవారి దగ్గర ఉండే ఆస్తి అంతా సాధారణంగా భూమి రూపంలోనే ఉంటుంది. పింఛను వచ్చే ఉద్యోగం కాదు, బ్యాంకులో పెద్ద నిల్వ కాదు. ఆ నాలుగు ఎకరాల మీద వచ్చే మగతాయే వారికి తిండి, బట్ట, మందులు. ఆ భూమి ఒక్క సంతకంతో చేయి దాటిపోతే, మర్నాటి నుంచి కాఫీనీళ్ళకు కూడా కోడలి ముఖమో కొడుకు ముఖమో చూడవలసిందే. కాబట్టి ఈ సంతకం విషయంలో తొందర పనికిరాదు.

ముందు తెలుసుకోవలసింది – ఆ భూమి ఎవరిది?

బెదిరించే బిడ్డ నోట మొదట వచ్చే మాట "నా వాటా నాకు పారెయ్యి" అని. ఆ వాటా నిజంగా ఉన్నదా, లేదా? హిందూ కుటుంబాల సంగతి చెబుతాను. తండ్రి తన కష్టార్జితంతో కొన్న భూమి తండ్రిదే. ఆయన బ్రతికి ఉండగా అందులో కొడుకుకు గాని, కూతురుకు గాని వాటా అంటూ లేదు. ఆయన ఇష్టమైతే ఇస్తాడు, లేకపోతే లేదు. తల్లికి పుట్టింటివారు పసుపు కుంకుమల కింద ఇచ్చిన భూమి తల్లిదే. 1956 నాటి హిందూ వారసత్వ చట్టం ఆమెను ఆ ఆస్తికి సంపూర్ణ హక్కుదారుగా చేసింది.

అవిభక్త కుటుంబపు పిత్రార్జితం సంగతి వేరు. అందులో కొడుకులకు పుట్టుకతో వాటా ఉన్నది. ఆంధ్రప్రదేశ్‌లో 1986లో చేసిన సవరణతో, 1985 సెప్టెంబరు 5 నుంచి అప్పటికి పెండ్లికాని కూతుళ్ళకు కూడా ఆ హక్కు వచ్చింది. 2005లో కేంద్ర చట్టాన్ని సవరించి దేశమంతటా కూతుళ్ళకు సమానహక్కు ఇచ్చారు. అయితే ఒక్కటి గుర్తుపెట్టుకోవాలి. వాటా ఉన్నవాడు దానిని తేల్చుకోవడానికి పెద్దమనుషుల మధ్య పంపకం ఉన్నది, కోర్టులో భాగదావా ఉన్నది. తండ్రి గొంతు మీద కత్తిపీట పెట్టడం మార్గం కాదు. వాటా న్యాయమైనదే అయినా బెదిరింపు నేరమే. పంపకంలో తండ్రి భాగానికి వచ్చిన భూమి మళ్ళీ తండ్రి ఇష్టమే.

కొందరు పెద్దవారు "దస్తావేజులు, పాసుపుస్తకం మావాడు లాక్కున్నాడండీ, ఇక భూమి పోయినట్టే" అని దిగులుపడుతూ ఉంటారు. కాగితం పోతే భూమి పోదు. రిజిస్టరు అయిన దస్తావేజుకు సబ్‌రిజిస్ట్రారు ఆఫీసులో ధ్రువీకరించిన నకలు దొరుకుతుంది. భూమి మీద ఏయే లావాదేవీలు జరిగినాయో చెప్పే ఈసీ కూడా తీసుకోవచ్చు. అనుమానం కలిగినప్పుడల్లా ఒక ఈసీ తీయించి చూసుకోవడం మంచి అలవాటు. మీకు తెలియకుండా ఏదైనా రిజిస్ట్రేషను జరిగి ఉంటే అందులో బయటపడుతుంది.

మూడు రకాల కాగితాలు

ఆస్తిని బిడ్డలకు చెందించడానికి మన ప్రాంతంలో ఎక్కువగా వాడే కాగితాలు మూడు రకాలు.

మొదటిది వీలునామా. ఇది మీ తదనంతరమే అమలులోకి వస్తుంది. మీరు జీవించి ఉన్నంతకాలం భూమి మీదే, మగతా మీదే. మనసు మారితే ఎన్నిసార్లయినా మార్చి రాసుకోవచ్చు. ఆఖరున రాసినదే చెల్లుతుంది. ఇద్దరు సాక్షులు సంతకం చెయ్యాలి. రిజిస్ట్రేషను తప్పనిసరి కాదు గాని చేయించుకోవడం మంచిది. వీలునామాలో ఏమి రాశారో తెలిస్తే ఇంట్లో గొడవ జరుగుతుందని భయం ఉంటే, దానిని కవరులో పెట్టి సీలు వేసి జిల్లా రిజిస్ట్రారు దగ్గర దాచుకునే వీలు కూడా చట్టంలో ఉన్నది.

రెండవది జీవితకాల అనుభవం అట్టిపెట్టుకుని రాసే దఖలు దస్తావేజు. భూమి ఫలానా బిడ్డకు చెందుతుంది. కాని నేను, నా భార్య జీవించి ఉన్నంతకాలం ఫలసాయం మేమే అనుభవిస్తాము అని రాయడం. ఇందులో బిడ్డకు భరోసా ఉంటుంది, పెద్దవారికి తిండి ఉంటుంది.

మూడవది సంపూర్ణంగా రాసి ఇచ్చే దఖలు, అంటే గిఫ్టు సెటిల్‌మెంటు. ఇది రాసి, రిజిస్టరు చేయించి, బిడ్డ స్వీకరించిన తరువాత భూమి ఆ బిడ్డదే. "కోపం వచ్చింది, రద్దు చేసుకుంటాను" అంటే మీ అంతట మీరు రద్దు చేసుకోవడానికి వీలులేదు. ఏరు దాటాక తెప్ప తగలేసే బిడ్డలు చాలావరకు ఈ మూడవ రకం కాగితం చేతిలో పడ్డవాళ్ళే.

కాలువ తూము తాళం లస్కరు చేతిలో ఉన్నంతకాలమే నీరు అదుపులో ఉంటుంది. తాళం ఎవరి చేతిలో ఉండాలో ముందే ఆలోచించుకోవాలి.

షరతు రాయించడం మరచిపోవద్దు

మూడవ రకం కాగితమే రాయవలసి వస్తే, ఇక్కడే 2007 చట్టంలోని 23వ సెక్షను మీకు అక్కరకు వస్తుంది. అది ఏమి చెబుతున్నదంటే – ఈ చట్టం వచ్చిన తరువాత 60 ఏండ్లు నిండిన వ్యక్తి, తన కనీస సౌకర్యాలు, శారీరక అవసరాలు చూడాలి అన్న షరతుతో ఆస్తిని దఖలుగా గాని, మరొకవిధంగా గాని ఇచ్చినప్పుడు, పుచ్చుకున్నవాడు వాటిని చూడకపోతే, ఆ బదిలీ మోసంతోనో, బలవంతంతోనో జరిగినట్టే భావించి, ఇచ్చినవారు కోరితే అది చెల్లదని ట్రిబ్యునలు ప్రకటించవచ్చు. ఎవరు రాయించుకున్నారన్నది ముఖ్యం కాదు. కొడుకు కావచ్చు, కూతురు కావచ్చు, మనుమడు కావచ్చు.

ఇందులో ప్రాణం అంతా "షరతుతో" అనే మాటలో ఉన్నది. 2022 డిసెంబరు 6న సుప్రీంకోర్టు ఒక తీర్పు ఇచ్చింది. హర్యానాకు చెందిన ఒక తల్లి తన కూతుళ్ళ పేర రాసిన కాగితం రద్దు చేయమని కోరిన వ్యవహారం అది. ఆ కాగితం తనను చూసుకోవాలి అన్న షరతుతో రాసినట్టు ఆమె చెప్పలేదు, చూపలేదు. షరతు లేనప్పుడు 23వ సెక్షను వర్తించదు అన్నది కోర్టు. బిడ్డలు తలిదండ్రులను ప్రేమతో చూసుకోవడం సహజమే అయినా, ఆ సహజమైన ఆశ ఒక్కటీ షరతు కాజాలదన్నమాట.

మరి రెండేళ్ళకు ఏమి జరిగిందో చూడండి. మధ్యప్రదేశ్‌లోని ఛతర్‌పూర్‌లో ఒక తల్లి 2019లో కొడుకు పేర దఖలు రాసింది. తల్లిని చూసుకుంటాననీ, చూసుకోకపోతే ఆమె ఆస్తిని వెనక్కు తీసుకోవచ్చుననీ ఆ కొడుకు వేరే ఒక వాగ్దానపత్రం రాసి ఇచ్చాడని తల్లి చూపించింది. ఆమె ముందు అక్కడి సబ్‌డివిజను అధికారి దగ్గర గెలిచింది, కలెక్టరు దగ్గర గెలిచింది, హైకోర్టులో చివరకు ఓడింది. 2025 జనవరి 2న సుప్రీంకోర్టు ఆ తల్లి పక్షాన తీర్పు చెప్పి, దఖలును రద్దుచేసి, ఫిబ్రవరి 28లోగా ఆస్తిని ఆమెకు స్వాధీనం చెయ్యమన్నది. ఈ చట్టం వృద్ధుల మేలుకోసం పుట్టింది గనుక దానిని ఉదారంగా అర్థం చేసుకోవాలనీ, ట్రిబ్యునళ్ళు అవసరమైతే ఆస్తిని ఖాళీ చేయించి తిరిగి ఇప్పించవచ్చుననీ చెప్పింది.

ఈ రెండు తీర్పులనూ పక్కపక్కన పెట్టి చూస్తే రైతుకు తేలేది ఒక్కటే: నోటిమాట చాలదు, రాత ఉండాలి. రాత కూడా వేరే కాగితంలో కాక ఆ దస్తావేజులోనే ఉంటే మరీ మంచిది. మచ్చుకు ఒక వాక్యం చెబుతాను, రాసుకోండి:

"నా జీవితకాలమంతయు నాకును, నా భార్యకును తిండి, బట్ట, నివాసము, వైద్యము మొదలగు కనీస సౌకర్యములను, శారీరక అవసరములను నీవు సమకూర్చవలెనను షరతుకు లోబడి మాత్రమే ఈ ఆస్తిని నీకు దఖలు పరచితిని. నీవు అట్లు సమకూర్చనియెడల ఈ దస్తావేజును రద్దుపరచుకొను హక్కు నాకు కలదు."

దస్తావేజు లేఖరి "ఇవన్నీ ఎందుకండీ, ఇంట్లో వాళ్ళేగా" అన్నా వినవద్దు. రాసినదంతా మీ చేత చదివించుకోండి. చదువురాకపోతే మీకు నమ్మకమైన బయటివారి చేత చదివించుకుని వినండి. ఈ వాక్యం చూసి కోపగించే బిడ్డ ఉంటే, ఆ కోపం రిజిస్ట్రేషనుకు ముందే బయటపడటం మీ అదృష్టం.

బెదిరింపు మొదలైనప్పుడు

ఇప్పుడు అసలు బాధ దగ్గరకు వద్దాం. సంతకం పెట్టమని కొట్టడం, గదిలో పెట్టి తాళం వెయ్యడం, మందులు ఆపడం, చంపుతానని అనడం – ఇవి ఇంటి గుట్టు కావు, నేరాలు. 2024 జూలై 1 నుంచి పాత శిక్షాస్మృతి స్థానంలో భారతీయ న్యాయ సంహిత అమలులో ఉన్నది. అందులో 351వ సెక్షను బెదిరింపును నేరంగా చెబుతున్నది. మామూలు బెదిరింపుకు రెండేళ్ళ దాకా, చంపుతాననో తీవ్రంగా గాయపరుస్తాననో బెదిరిస్తే ఏడేళ్ళ దాకా శిక్ష పడవచ్చు. భయపెట్టి ఆస్తిని గాని, సంతకం చేసిన కాగితాన్ని గాని గుంజుకోవడం 308వ సెక్షను కింద మరొక నేరం. దానికీ ఏడేళ్ళ దాకా శిక్ష ఉన్నది.

పోలీసు స్టేషనులో ఫిర్యాదు రాసి ఇవ్వండి. కేసు నమోదు చేస్తే దాని నకలు ఉచితంగా ఇవ్వాలి. అక్కడ తీసుకోకపోతే జిల్లా సూపరింటెండెంటుకు పోస్టులో పంపవచ్చు. ఆ తరువాత మేజిస్ట్రేటును ఆశ్రయించవచ్చు. ప్రాణభయం ఉన్న క్షణంలో 112కు ఫోను చెయ్యాలి. దెబ్బలు తగిలితే ప్రభుత్వాసుపత్రిలో చూపించుకుని చీటీ దాచుకోవాలి. తల్లి అయితే, స్త్రీలను గృహహింస నుంచి కాపాడే 2005 నాటి చట్టం కింద కూడా మేజిస్ట్రేటు దగ్గర రక్షణ ఉత్తర్వు కోరవచ్చు.

బలవంతాన సబ్‌రిజిస్ట్రారు ఆఫీసు దాకా తీసుకుపోయినా అన్నీ అయిపోయినట్టు కాదు. "ఈ కాగితం రాసింది మీరేనా?" అని అక్కడ మిమ్మల్ని అడగాలి. "నేను రాయలేదు, నాకు సమ్మతం లేదు" అని గట్టిగా చెబితే రిజిస్ట్రేషను ఆగుతుంది. అప్పటికే బలవంతాన జరిగిపోయి ఉంటే, కాగితంలో షరతు లేకపోయినా సివిలు కోర్టులో రద్దు దావా వెయ్యవచ్చు. దానికి సంగతి తెలిసినప్పటి నుంచి మూడేళ్ళ గడువు ఉన్నది. గడువు దాటనివ్వవద్దు. ఖాళీ స్టాంపు కాగితం మీద వేలిముద్ర మాత్రం ఎన్నడూ, ఎవరికీ వెయ్యవద్దు.

ఆర్డీవోగారి ట్రిబ్యునలు

2007 చట్టం కింద వృద్ధుల మొర వినే ట్రిబ్యునలు రెవిన్యూ డివిజను స్థాయిలో ఉన్నది. మన ప్రాంతంలో రాజమహేంద్రవరం, కొవ్వూరు, అమలాపురం, భీమవరం వంటి డివిజను కేంద్రాలలో ఆర్డీవోగారో, సబ్‌కలెక్టరుగారో దీనిని నిర్వహిస్తారు. ఒక పెద్దరైతుకు, ఒక విస్తరణాధికారికి మధ్య ఈ విషయమై మాటలు జరుగుతున్నాయనుకోండి. అవి ఇలా ఉంటాయి:

రైతు: ఏవండీ, ఆర్డీవోగారి దగ్గరకు పోవాలంటే ప్లీడరును పెట్టుకోవాలాండి? ఫీజులు మనవల్ల కాదు మరి.

అధికారి: అక్కరలేదు బాబాయిగారూ. ప్లీడరు లేకుండానే మీ బాధ మీరు చెప్పుకునేటట్టు ఈ చట్టం చేశారు. మీరు చెప్పుకోలేకపోతే జిల్లాలో మెయింటెనెన్సు అధికారి ఉంటారు. ఆయన మీ తరపున మాట్లాడవచ్చు.

రైతు: నేను మంచం పట్టి ఉంటేనో?

అధికారి: మీరు అధికారం ఇచ్చిన మనిషి గాని, సంఘం గాని దరఖాస్తు ఇవ్వవచ్చు. సంగతి తెలిస్తే ట్రిబ్యునలు తనంత తానుగా కూడా విచారణకు తీసుకోవచ్చు.

రైతు: అర్జీలో ఏమి రాయాలండి?

అధికారి: గొప్ప భాష అక్కరలేదు. మీ పేరు, వయసు, ఊరు. బిడ్డల పేర్లు, వారుండే చోట్లు. ఏ భూమి, ఏ తేదీన, ఏ నంబరు దస్తావేజు. ఆ తరువాత ఏ రోజున ఏమి జరిగింది. చివరకు మీకు ఏమి కావాలి – దస్తావేజు రద్దా, నెలనెలా పోషణా, ఇంట్లో భయం లేకుండా ఉండే ఏర్పాటా. దస్తావేజు నకలు, ఈసీ, ఆధారు కార్డు, పోలీసు కాగితం ఉంటే అదీ జత చెయ్యండి.

రైతు: ఎన్నాళ్ళు తిప్పుతారండి?

అధికారి: పోషణ దరఖాస్తు అయితే, ఎదుటివారికి నోటీసు అందిన 90 రోజులలో తేల్చాలి. ప్రత్యేక కారణం ఉంటే ఒక్కసారి మాత్రం 30 రోజులు పొడిగించవచ్చు. ఈలోగా గడవడానికి మధ్యంతరంగా కొంత ఇమ్మని కూడా ఉత్తర్వు ఇవ్వవచ్చు. గరిష్ఠంగా నెలకు 10,000 రూపాయల దాకా పోషణ ఇప్పించే వీలు చట్టంలో ఉన్నది.

రైతు: ఇమ్మంటే మాత్రం మావాడు ఇస్తాడాండి?

అధికారి: ఇవ్వకపోతే వారంటు వేసి వసూలు చేస్తారు. అప్పటికీ ఇవ్వకపోతే ఒక్కొక్క నెల బాకీకి నెల దాకా జైలు కూడా ఉన్నది. కాని బాకీపడిన మూడు నెలలలోగా మీరు అడగాలి సుమండీ. ముసలివారిని ఎక్కడో దింపి పూర్తిగా వదిలేసి వెళితే అది వేరే నేరం – మూడు నెలల జైలు గాని, 5,000 రూపాయల జరిమానా గాని, రెండూ గాని.

రైతు: ఆర్డీవోగారి మాట మనకు అనుకూలంగా రాకపోతే?

అధికారి: 60 రోజులలో కలెక్టరుగారికి అప్పీలు చేసుకోవాలి.

రైతు: బిడ్డలు లేనివాళ్ళ గతేమిటండీ?

అధికారి: వారి ఆస్తి అనుభవిస్తున్న బంధువు గాని, తరువాత వారసుడుగా వచ్చే బంధువు గాని పోషించవలసిందే. ఆస్తి నాది, అన్నం ఇంకెవరో పెట్టాలి అంటే కుదరదు.

రైతు: ఆయ్, ఈ మాట బాగుందండి.

ఇక్కడ రెండు సంగతులు కలిపి చెబుతాను. మొదటిది, దఖలు పుచ్చుకున్న బిడ్డ ఆ భూమిని మూడోవాడికి అమ్మితే ఏమవుతుంది? ఆ భూమి మీద మీకు పోషణ హక్కు ఉన్నదని తెలిసి కొన్నవాడి మీద, లేదా ఊరికే పుచ్చుకున్నవాడి మీద మీ పోషణ హక్కు నడుస్తుంది. ఏమీ తెలియక సొమ్ము పెట్టి కొన్నవాడి మీద నడవదు. దస్తావేజులోనే షరతు ఉంటే, చదివి కొన్నవాడు తెలియదని చెప్పలేడు. షరతుకు ఇది రెండవ ప్రయోజనం.

రెండవది, ఇల్లు ఖాళీ చేయించడం ప్రతి వ్యవహారంలోనూ జరిగే పని కాదు. వృద్ధుల రక్షణకు అవసరమని తేలితేనే ట్రిబ్యునలు ఆ ఉత్తర్వు ఇస్తుంది. 2020 డిసెంబరు 15న సుప్రీంకోర్టు మరొక సంగతి కూడా స్పష్టం చేసింది: కాపురం చేస్తున్న ఇంట్లో ఉండటానికి కోడలికి గృహహింస చట్టం ఇచ్చిన హక్కును ఈ చట్టం చూపించి తుడిచివేయకూడదు, రెండిటినీ తూచి చూడాలి. చట్టం బలహీనులకు కర్ర వంటిది. దానితో మరొక బలహీనురాలిని కొట్టరాదు.

విస్తరణ కార్యకర్తలకు ఒక మాట

వ్యవసాయ సహాయకులు, పంచాయతీ కార్యదర్శులు, గ్రామ రెవిన్యూ అధికారులు ఈ తెగులును అందరికంటె ముందు కనిపెట్టగలవారు. నిన్నటిదాకా స్వయంగా వచ్చి ఎరువు బస్తాలు అడిగిన పెద్దాయన హఠాత్తుగా రావడం మానేస్తే, ఏ మాట అడిగినా పక్కనున్న కొడుకు ముఖం చూసి జవాబు చెబుతుంటే, మగతా డబ్బు ఎవరు పుచ్చుకున్నారో ఆయనకే తెలియకపోతే, ఒంటి మీద దెబ్బలకు పొంతన లేని కారణాలు చెబుతుంటే, ఏదో ఉన్నదని గ్రహించండి. నలుగురిలో అడగవద్దు. పొలం గట్టు మీదనో, రైతు సేవా కేంద్రంలోనో ఒంటరిగా ఉన్నప్పుడు అడగండి.

వృద్ధుల కోసం 14567 అనే ఉచిత ఫోను నంబరు ఉన్నది. న్యాయ సహాయానికి 15100 ఉన్నది. ఈ రెండు నంబర్లూ నోటీసు బోర్డు మీద పెద్ద అక్షరాలతో రాయండి. కోర్టుల దగ్గర న్యాయసేవా సంఘాలు ఉన్నాయి. స్త్రీలకు, షెడ్యూల్డు కులాలవారికి, తెగలవారికి, ఆదాయం తక్కువైన వారికి అక్కడ ప్లీడరును ఉచితంగా ఇస్తారు. ఎవరైనా మిమ్మల్ని దఖలు మీద సాక్షి సంతకం చెయ్యమంటే, రాసి ఇచ్చే పెద్దమనిషిని పక్కకు పిలిచి "ఇది మీ ఇష్టంతోనే రాస్తున్నారా?" అని ఒక్కమాట అడిగి మరీ చెయ్యండి. ఆ ఒక్క ప్రశ్న ఒక ప్రాణం నిలబెట్టవచ్చు.

కొడుకులకు, కూతుళ్ళకు

అందరు బిడ్డలూ చెడ్డవారు కారు. అప్పుల బాధలో, రొయ్యల చెరువు నష్టాలలో, పిల్లల చదువు ఖర్చులలో మనిషి తొందరపడవచ్చు. అటువంటప్పుడు భూమి రాయించుకోవడమే దారి కాదు. తండ్రి పేర భూమి ఉంచి మీరే కౌలుకు చేసుకోవచ్చు. తండ్రి సమ్మతితో బ్యాంకు అప్పు తెచ్చుకోవచ్చు. జీవితకాల అనుభవం వదిలి దఖలు పొందవచ్చు. అన్నదమ్ములు, అక్కచెల్లెళ్ళు అందరూ కూర్చుని ఎవరికేమి, పెద్దవారికేమి అన్నది ఒక్క కాగితం మీద తేల్చుకుంటే, ఆ ఇంట్లో తరువాత తరానికి కూడా తగాదా ఉండదు. కూతుళ్ళను పిలవకుండా చేసిన పంపకం తరువాత కోర్టుకు ఎక్కే ప్రమాదం ఉన్నదని మరచిపోవద్దు.

చివరగా, పెద్దవారు జ్ఞాపకం ఉంచుకోవలసినవి నాలుగే మాటలు. మీరు బ్రతికి ఉండగా మీ స్వార్జితం మీదే. ఎవరి వాటా అందులో లేదు. వీలైతే వీలునామాతో సరిపెట్టుకోండి, లేదా జీవితకాల అనుభవం అట్టిపెట్టుకోండి. పూర్తిగా రాసి ఇవ్వవలసి వస్తే, చూసుకోవాలి అన్న షరతు దస్తావేజులోనే రాయించండి. బెదిరిస్తే దాచుకోవద్దు – పోలీసులకు, ఆర్డీవోగారికి అర్జీ పెట్టండి. పరువు పోతుందని నోరు మూసుకుని పస్తులుండేవారు ఉన్నారు. పరువు పోవలసింది కన్నవారిని కొట్టినవాడికి గాని, దెబ్బలు తిన్నవారికి కాదు.

ఈ విషయం విన్నవారు, చదివినవారు తమ వీధిలో చదువురాని మరొక పెద్దవారికి కూడా చెప్పవలసిందిగా మనవి.